నవ్వొద్దన్న చోట నవ్వించిన నటుడు

గ్రాహం గ్రీన్ అనగానే మన పాఠకుల్లో చాలామందికి ఇంగ్లిష్ నవలాకారుడు గుర్తొస్తాడు. ఆర్.కె. నారాయణ్ మొదటి నవల అచ్చు కావడానికి సాయపడ్డాయన. ఈ వ్యాసం ఆయన గురించి కాదు. అదే పేరుతో కెనడాలో ఒక నటుడు ఉండేవారు. 1952లో ఒంటారియోలోని సిక్స్ నేషన్స్ రిజర్వ్‌లో, ఓష్వెకెన్ అనే ఊళ్లో పుట్టారు. 2025 సెప్టెంబర్ 1న 73 ఏళ్ల వయసులో కన్నుమూశారు. ఓనైడా అనే ఉత్తర అమెరికా మూలవాసీ జాతి మనిషి. పేరు తెలియకపోయినా ముఖం చూస్తే ‘అరే, ఈయనా’ అనుకునేవాళ్లు మన దగ్గరా తక్కువేం లేరు. ‘డాన్సెస్ విత్ వుల్వ్స్’లో కికింగ్ బర్డ్ ఆయనే. ‘ద గ్రీన్ మైల్’లో అందరికంటే ముందు కరెంటు కుర్చీ ఎక్కే ఖైదీ ఆయనే. ‘డై హార్డ్’ మూడో భాగంలో బ్రూస్ విల్లిస్‌తో పాటు పనిచేసే డిటెక్టివ్ కూడా ఆయనే.

నటనలోకి వచ్చిన కొత్తలో తనకు ఎలాంటి స్క్రిప్టులు చేతికిచ్చేవారో గ్రీన్ ఒక ఇంటర్వ్యూలో చెప్పుకొచ్చారు. మూలవాసులు ఇలా మాట్లాడతారని ఎవరో ఊహించుకుని రాసిన మాటలు, వాటిని అలాగే పలకాలి. ముఖం బిగించుకుని ఉండాలి, నవ్వకూడదు, మాటకు బదులు గుర్రుమంటే చాలు. లోపలికి అడుగు పెట్టడం కోసం కొంతకాలం అలాగే చేశానని ఒప్పుకున్నారు. అయితే నిజ జీవితంలో అలా ఉండే మనిషి ఒక్కడూ తనకు తెలియదని, తమవాళ్లంత హాస్యప్రియులు ఉండరని కూడా అన్నారు. నలభై ఏళ్లకు పైగా సాగిన ఆయన నటజీవితాన్ని అర్థం చేసుకోవడానికి ఇంతకంటే మంచి తాళంచెవి దొరకదు. నవ్వడం ఆయన నాటకాల్లో నేర్చుకున్నారు. సినిమా వద్దన్న చోట ఆ నవ్వును ఎలాగోలా లోపలికి చేర్చుతూనే వచ్చారు.

ఈ మూలవాసుల్ని మనం పిలిచే ‘రెడ్ ఇండియన్లు’ అనే మాట మనలో చాలామందికి చేరింది కౌబాయ్ సినిమాల దారినే. తలకు ఈకలు, ముఖానికి రంగులు, గుర్రాల మీద కేకలు వేస్తూ వచ్చే గుంపు: అంతకుమించి బొమ్మ మన కళ్ల ముందు కదలదు. ఇందులో మనం మరీ తప్పుకోవడానికీ లేదు. విలన్ ఇంట్లోకి దూరాలంటే హీరో కోయదొర వేషం కట్టి, మూలికలు పట్టుకుని, నాలుగు వంకర మాటలు మాట్లాడే సీన్లు తెలుగు సినిమాలో ఎన్ని లేవు? కోయవాళ్లు నిజంగా ఎలా మాట్లాడతారో ఆ సీను రాసినవాళ్లు ఎవరినైనా అడిగారా అన్న ప్రశ్న ఎవరికీ రాదు. గ్రీన్ ఎదుర్కొన్నది ఇదే, కాకపోతే ఇంకా పెద్ద ఎత్తున.

ఓష్వెకెన్ గురించి కొంచెం చెప్పుకోవాలి. మోహాక్, ఓనైడా, ఒనొండాగా, కయూగా, సెనెకా, టస్కరోరా అనే ఆరు జాతుల కూటమి అక్కడిది. అందుకే సిక్స్ నేషన్స్ అన్న పేరు. గ్రాండ్ నది ఒడ్డున ఉన్న ఈ రిజర్వ్, అంటే మూలవాసులకు ప్రభుత్వం మిగిల్చిన ప్రాంతం, కెనడాలో జనాభాపరంగా అన్నిటికంటే పెద్దది. ఈ నేల మీద ప్రదర్శనకారులు తరతరాలుగా పుడుతూనే ఉన్నారు. 19వ శతాబ్దం చివర్లో కవయిత్రి పాలిన్ జాన్సన్ ఊరూరా తిరిగి తన కవితలు చదివేవారు. కార్యక్రమం మొదటి సగంలో తోలు దుస్తులు, రెండో సగంలో ఇంగ్లిష్ దొరసానుల గౌను. చూడవచ్చిన తెల్లవాళ్లకు రెండూ కావాలి మరి. 1912లో ఇక్కడే పుట్టిన జే సిల్వర్‌హీల్స్, టీవీ సిరీస్ ‘ద లోన్ రేంజర్’లో హీరో పక్కన ఉండే టోంటో. ముక్కలు ముక్కలుగా ఇంగ్లిష్ మాట్లాడే నమ్మిన బంటు పాత్ర. అదే ఆయనకు అన్నం పెట్టింది, అదే ఆయన్ను జీవితాంతం కట్టిపడేసింది. 1960ల్లో ఆయన లాస్ ఏంజెలెస్‌లో మూలవాసీ నటుల కోసం ఒక శిక్షణ వేదిక పెట్టారంటే, ఆ కట్టు ఎంత బిగుతుగా ఉండేదో ఆయనకు తెలిసే పెట్టి ఉంటారు. గ్రీన్‌తో పాటు నాటకాల్లో ఆడిన గ్యారీ ఫార్మర్‌ది కూడా ఇదే ఊరు.

గ్రీన్ పుట్టడానికి ఒక్క ఏడాది ముందు వరకు, అంటే 1951 దాకా, కెనడాలో మూలవాసుల మీద పెట్టిన ‘ఇండియన్ చట్టం’ పాట్లాచ్ లాంటి మూలవాసీ వేడుకలను నేరంగా చూసింది. ఆడినా పాడినా కేసులే. ఆ నిషేధం 1885లో అమల్లోకి వచ్చి అరవై ఆరేళ్లు నడిచింది. చట్టంలోని తమ ‘ఇండియన్’ హోదా వదులుకోకుండానే జాతీయ ఎన్నికల్లో ఓటు వేసే హక్కు వాళ్లందరికీ 1960లో గాని రాలేదు. అప్పటికి గ్రీన్‌కు ఎనిమిదేళ్లు. మూలవాసీ నాటకరంగం 1970ల్లో గాని ఎందుకు తల ఎత్తలేదన్న ప్రశ్నకు సగం జవాబు ఈ తేదీల్లోనే ఉంది.

ఆయన నేరుగా నటుడు కాలేదు. డ్రాఫ్ట్స్‌మన్‌గా, వెల్డర్‌గా, స్టీల్ పనివాడిగా చేశారు. రాక్ బ్యాండ్‌లకు సౌండ్ చూసుకున్నారు. స్టేజీ మీదికి రాకముందే స్టేజీ వెనక పని తెలిసిన మనిషి. 1974లో జేమ్స్ బుల్లర్ టొరంటోలో నేటివ్ థియేటర్ స్కూల్ మొదలుపెట్టారు. కెనడాలో మూలవాసీ యువతకు నటన నేర్పే చోటు అప్పట్లో అదొక్కటే అన్నా పెద్ద తప్పు కాదు. గ్రీన్ ఆ బడి నుంచి వచ్చినవారే. 1980ల మొదట్లో సినిమాల్లోకి అడుగుపెట్టారు. ఆ తొలి సినిమా సంగతి వింటే మనసు చివుక్కుమంటుంది. 1964 టోక్యో ఒలింపిక్స్‌లో 10,000 మీటర్ల పరుగులో బంగారు పతకం గెలిచిన లకోటా జాతి వీరుడు బిల్లీ మిల్స్ కథ అది, పేరు ‘రన్నింగ్ బ్రేవ్’, 1983లో వచ్చింది. బిల్లీ మిల్స్‌గా నటించింది రాబీ బెన్సన్ అనే తెల్లజాతి నటుడు. అసలు సిసలు మూలవాసి అయిన గ్రీన్‌కు దక్కింది చిన్న పాత్ర.

అసలు మలుపు నాటకంలో వచ్చింది. 1982లో టొరంటోలో నేటివ్ ఎర్త్ పెర్ఫార్మింగ్ ఆర్ట్స్ అనే సంస్థ పుట్టింది. మూలవాసుల కథలు మూలవాసులే రాసి, ఆడే వేదిక. క్రీ జాతి రచయిత టామ్సన్ హైవే దాన్ని నడిపిన రోజుల్లో, 1989లో, ‘డ్రై లిప్స్ ఆట్ టు మూవ్ టు కపస్కేసింగ్’ అనే నాటకం థియేటర్ పాస్ మురాయ్‌లో తొలిసారి ఆడింది. మానిటూలిన్ దీవిలో వాసేచిగన్ హిల్ అనే కల్పిత రిజర్వ్. ఊళ్లో ఆడవాళ్లంతా కలిసి ఐస్ హాకీ టీమ్ కట్టేస్తారు. ఏడుగురు మగవాళ్లకు కాళ్ల కింద నేల కదిలిపోతుంది. మధ్యలో నానబుష్, వాళ్ల పురాణాల్లోని చిలిపి దేవత, ఆడరూపంలో వచ్చి అందర్నీ ఆడిస్తూ ఉంటుంది. సంభాషణలు ఇంగ్లిష్‌లో నడుస్తూ నడుస్తూ క్రీలోకి, ఒజిబ్వేలోకి జారిపోతాయి.

ఇందులో గ్రీన్‌ది పియేర్ సెయింట్ పియేర్ పాత్ర. దొంగసారా అమ్ముకునే ముసలాయన, ఊరి కబుర్లన్నీ మోసుకు తిరిగే రకం, ఆ ఆడవాళ్ల హాకీకి రిఫరీగా కుదురుతాడు. మన పల్లె రచ్చబండ మీద ఇలాంటి మనిషి కనిపించని ఊరు ఉండదు. హాలీవుడ్ తెర మీద మాత్రం అప్పటిదాకా చాలా అరుదు. అక్కడ ఇండియన్ అంటే పోరాడాలి, చావాలి, లేదా జ్ఞానం చెప్పాలి. వాగుడు, గొప్పలు, కంగారు, చిల్లర తెలివి: ఇవేవీ అతనికి లేవు. మామూలు మనిషికి ఉండే లోపాలు కూడా లేకుండా చేయడం గౌరవించడం కాదు, మనిషి జాబితాలోంచి తీసేయడమే. గ్రీన్‌కు ఆ పాత్ర టొరంటో నాటకరంగం గౌరవంగా చూసే డోరా అవార్డు తెచ్చింది. ఆ నాటకంలోని హింసను, ముఖ్యంగా ఒక స్త్రీపై జరిగే అత్యాచారాన్ని వేదిక మీద చూపిన తీరును, మూలవాసీ స్త్రీలే గట్టిగా తప్పుపట్టారు. ఆ విమర్శలో బలం ఉంది. మగవాళ్ల వెర్రితనాన్ని ఎండగట్టే నాటకం ఆ పని కోసం ఆడదాని ఒంటినే వాడుకోవడం ఇవాళ చదివినా ఇబ్బందిగానే ఉంటుంది. నటుడికి అది ఇచ్చినది వేరు: తన జనం నవ్వే నవ్వును, వాళ్ల యాసతో సహా, వేల మంది ముందు పెట్టే అవకాశం.

మరుసటి ఏడాదే ‘డాన్సెస్ విత్ వుల్వ్స్’ వచ్చింది. 1990 నవంబర్‌లో విడుదలైంది. 12 ఆస్కార్ నామినేషన్లు, 7 అవార్డులు. అందులో ఒక నామినేషన్ ఉత్తమ సహాయ నటుడిగా గ్రీన్‌ది. అవార్డు జో పెషీకి వెళ్లింది. ఇదే విభాగం చరిత్రను ఒక్కసారి తిరగేస్తే ఒక వరస కనిపిస్తుంది. 1950 సినిమా ‘బ్రోకెన్ ఆరో’లో అపాచీ నాయకుడు కొచీస్‌గా నామినేట్ అయింది జెఫ్ చాండ్లర్, బ్రూక్లిన్‌లో పుట్టిన యూదు నటుడు. 1970 సినిమా ‘లిటిల్ బిగ్ మ్యాన్’కు చీఫ్ డాన్ జార్జ్, నిజమైన మూలవాసి, కెనడావారే. ఆయన కూడా అంతకుముందు 1967లో వాంకూవర్ రంగస్థలం మీద ‘ది ఎక్‌స్టసీ ఆఫ్ రీటా జో’లో తండ్రి పాత్రతో మెప్పించారు. ఆ తర్వాత 1990లో గ్రీన్. ఇరవయ్యేళ్లకొకరు.

కికింగ్ బర్డ్ మాట్లాడేది లకోటా భాష. గ్రీన్‌కు ఆ భాష రాదు. ఓనైడాకు లకోటాకు చుట్టరికమే లేదు, తెలుగుకు పంజాబీకి ఉన్నంత దూరం. సింటే గ్లెస్కా కాలేజీలో లకోటా నేర్పే డోరిస్ లీడర్ చార్జ్ సంభాషణల్ని అనువదించి, నటులందరికీ పలకడం నేర్పారు. లకోటాలో మాట్లాడేది మగవాళ్లా ఆడవాళ్లా అన్నదాన్ని బట్టి వాక్యం చివర మారిపోయే ముక్కలుంటాయి. ఆ తేడాలు సరిగ్గా రాకపోవడంతో యోధులు కొన్నిచోట్ల ఆడవాళ్లలా మాట్లాడారని లకోటా నాయకుడు రసెల్ మీన్స్ తర్వాత ఎత్తిచూపారు. తెలియని భాషను శబ్దాలుగా బట్టీపట్టి, ముఖంలో మాత్రం ఆ భాషలోనే ఆలోచిస్తున్నట్టు కనిపించడం చిన్న పని కాదు. గ్రీన్ అది చేశారు.

ఎలా చేశారో ఒక సీనులో చూడొచ్చు. కెవిన్ కాస్ట్‌నర్ వేసిన సైనికుడు డన్‌బార్ దగ్గరికి కికింగ్ బర్డ్, విండ్ ఇన్ హిజ్ హెయిర్ అనే యోధుడు వస్తారు. ఒకరి మాట ఒకరికి రాదు. అడవి దున్నల గురించి అడగాలని డన్‌బార్ వీపు మీద మూపురం పెట్టుకుని, తల పక్కన వేళ్లు కొమ్ముల్లా నిలబెట్టి నేల మీద పాకుతాడు. పక్కనున్న యోధుడు వీడికి మతి పోయిందని తేల్చేస్తాడు. కికింగ్ బర్డ్ తేల్చడు. కళ్లు కొంచెం చిట్లిస్తాడు, అర్థం కాని పాఠం ముందు కూర్చున్న పిల్లాడిలా చూస్తాడు, ఉన్నట్టుండి వెలుగు. ‘తతాంక’ అంటాడు. డన్‌బార్ ‘బఫెలో’ అంటాడు. ఆ కొత్త మాటను కికింగ్ బర్డ్ నోట్లో తిప్పి తిప్పి చూసుకుంటాడు. ఇక్కడ నవ్వు ఎవరి మీదా కాదు. ఒక మాట ఒక ఒడ్డు నుంచి ఇంకో ఒడ్డుకు దాటిన సంతోషం అది. స్క్రిప్టులో ఈయన పూజారి, పెద్దమనిషి, గంభీరుడు. గ్రీన్ అతనిలో ఆరాటపడే విద్యార్థిని కూర్చోబెట్టారు.

ఇంకో చోట భార్య బ్లాక్ షాల్‌తో సంభాషణ. ఆ పాత్ర టాంటూ కార్డినల్‌ది. తమ ఇంట్లో పెరిగిన తెల్ల అమ్మాయికి, డన్‌బార్‌కు మధ్య ప్రేమ నడుస్తోందని శిబిరంలో అందరికీ తెలుసు, కికింగ్ బర్డ్‌కు తప్ప. ఆ సంగతి భార్య చెబుతుంటే ఆయన ముఖం చూడాలి. ఊరికి పెద్ద, ఇంట్లో మాత్రం ఏ కబురూ ముందు తెలియని మొగుడు. తెలుగింటి చావిట్లో కూర్చోబెట్టినా ఆ సీను మారదు. హాలీవుడ్ ఇండియన్‌కు కాపురం ఉంటుందని, అందులో ఆలూమగల చిరాకులు ఉంటాయని కోట్ల మంది మొదటిసారి చూసింది బహుశా అక్కడే.

అయినా ఆ సినిమా మీద ఒక ఫిర్యాదు మిగిలే ఉంటుంది. చివర్లో తెర మీద వచ్చే రాతలు, వాళ్ల ఇళ్లు నాశనమయ్యాయని, దున్నలు పోయాయని, ఆ జీవితం చరిత్రలో కలిసిపోయిందని చెప్పి సెలవు తీసుకుంటాయి. అక్కడ చెప్పిన నష్టం నిజమే. కానీ ఆ జనం పోలేదు. ఆ పాత్రలు వేసిన మనుషులు సూట్లు వేసుకుని ఆస్కార్ హాల్లో కూర్చున్నారు. సినిమా వాళ్లను 1860ల్లోనే ఆపేసి ఏడుస్తుంది. 1990లో రిజర్వ్‌లో కరెంటు బిల్లు కట్టుకుంటూ బతుకుతున్న మనిషికి అందులో చోటు లేదు. మూలవాసీ నటుల టెన్షన్ కూడా అక్కడే: చరిత్ర సినిమాల గాలి వీచినన్నాళ్లే పని, అది తగ్గిందంటే ఫోన్ మోగదు.

గ్రీన్ తర్వాత ఎంచుకున్నవి చూస్తే ఆ 1860ల్లోంచి బయటికి రావడానికి ఎంత ఆత్రపడ్డారో తెలుస్తుంది. ‘క్లియర్‌కట్’ (1991)లో ఆర్థర్‌గా వేశారు. అడవులు నరికించే మిల్లు మేనేజర్‌ను ఎత్తుకుపోయి, చెట్లకు చేసిందే అతని కాలికి చేసే మనిషి. చాలా భయపెట్టే పాత్ర, మంచి ఇండియన్ అన్న ముద్రను చేత్తో తుడిచేసినట్టు. ‘థండర్‌హార్ట్’ (1992)లో రిజర్వ్ పోలీసు వాల్టర్ క్రో హార్స్. బండి ఎంత స్పీడులో పోయిందో గాలి తన చెవిలో చెప్పిందని ఎఫ్‌బీఐ ఏజెంట్‌ను ఆటపట్టిస్తాడు. ప్రకృతితో మాట్లాడే ఇండియన్ అన్న పాత మూసనే తీసుకుని దాన్ని జోకుగా తిప్పికొట్టడం అది. ‘మావెరిక్’ (1994)లో ఇంకో అడుగు ముందుకేశారు. వేటకు వచ్చిన ఒక రష్యన్ రాజవంశీకుడికి ‘అసలైన’ ఇండియన్ అనుభవం కావాలి, డబ్బిస్తాడు. గ్రీన్ వేసిన జోసెఫ్ విసుక్కుంటూనే ఆ వేషం కడతాడు. పాలిన్ జాన్సన్ తోలు దుస్తులు, సిల్వర్‌హీల్స్ ముక్కల ఇంగ్లిష్, తనకు గుర్రుమనమని ఇచ్చిన స్క్రిప్టులు, అన్నీ ఆ ఒక్క పాత్రలో కనిపిస్తాయి.

‘డై హార్డ్’ మూడో భాగం (1995)లో జో లాంబర్ట్ న్యూయార్క్ డిటెక్టివ్, అంతే. అతని జాతి కథకు అక్కర్లేదు. చిన్న పాత్రే, అయినా ఆ ‘అంతే’ కోసం ఎందరు నటులు ఎదురుచూశారో. కెనడా ఇళ్లలో ఆయన్ను చాలామంది గుర్తుపెట్టుకున్నది ‘ద రెడ్ గ్రీన్ షో’ అనే కామెడీ సిరీస్‌లో పేలుడు పదార్థాలంటే మహా ఇష్టపడే ఎడ్గర్ మాంట్రోజ్‌గా.

లోతు చూడాలంటే మాత్రం ‘స్కిన్స్’ (2002) చూడాలి. దర్శకుడు క్రిస్ ఎయిర్ మూలవాసి. కథ పైన్ రిడ్జ్ రిజర్వ్‌లో నడుస్తుంది. తమ్ముడు పోలీసు, అన్న మోగీ వియత్నాం యుద్ధం నుంచి వచ్చి తాగుడులో మునిగిన మనిషి. తాగుబోతు ఇండియన్ అనేది అన్ని మూసల్లోకీ నీచమైనది. గ్రీన్ దాన్ని తప్పించుకోలేదు, నేరుగా లోపలికి నడిచారు. మోగీ తూలుతూ కూడా చమత్కారం వదలడు, కొడుకు ముందు సిగ్గుపడతాడు, రష్‌మోర్ కొండ మీద చెక్కిన వాషింగ్టన్ ముక్కు పేల్చేయాలని కలలు కంటాడు. ఆ కొండ లకోటాలకు పవిత్రమైన బ్లాక్ హిల్స్‌లోది. నవ్వు, ఏడుపు ఇంత దగ్గరగా పక్కపక్కన నిలబడ్డ పాత్ర ఆయన సినిమాల్లో ఇంకోటి లేదు. పియేర్ సెయింట్ పియేర్ వేయని నటుడు మోగీని ఇలా వేయగలిగేవాడా అనిపిస్తుంది.

2007లో ఒంటారియోలోని స్ట్రాట్‌ఫర్డ్ ఫెస్టివల్‌లో మళ్లీ రంగస్థలం. షేక్‌స్పియర్ ‘ద మర్చంట్ ఆఫ్ వెనిస్’లో షైలాక్, ‘ఆఫ్ మైస్ అండ్ మెన్’లో లెనీ, ఒకే సీజన్‌లో రెండూ. యాభై ఐదేళ్ల వయసులో, సినిమాలో ఎవరూ ఇవ్వని పాత్రలు. షైలాక్ యూదు వడ్డీ వ్యాపారి, ఊరంతా కలిసి వెలివేసిన మనిషి, కోర్టులో నిలబడి న్యాయం అడుగుతాడు. ఒప్పందం కాగితం అతని చేతిలోనే ఉంటుంది, తీర్పు మాత్రం అతని ఆస్తినీ మతాన్నీ లాగేసుకుంటుంది. ఒప్పందాలు చేసుకుని, భూమి పోగొట్టుకుని, పిల్లల్ని చర్చి బడులకు ఒప్పజెప్పాల్సి వచ్చిన జాతి మనిషి ఆ మాటలు పలుకుతుంటే ఆ నాటకానికి ఇంకో పొర వస్తుంది. దాని కోసం ఒక్క మాట కూడా మార్చక్కర్లేదు.

చివరి ఏళ్లలో కాలం కాస్త ఆయన దారికి వచ్చింది. ‘రిజర్వేషన్ డాగ్స్’ సిరీస్‌ను రాసింది, తీసింది మూలవాసులే. అందులో ఆయన మాక్సిమస్, నక్షత్రాల నుంచి ఎవరో వస్తారని నమ్మే ఒంటరి ముసలాయన. గుర్రుమనమని ఎవరూ చెప్పని సెట్. 2025లో కెనడా గవర్నర్ జనరల్ పేరిట ఇచ్చే ప్రదర్శన కళల జీవన సాఫల్య పురస్కారం కూడా అందింది.

2023లో ‘ద లాస్ట్ ఆఫ్ అస్’ సిరీస్‌లో కొన్ని నిమిషాలు కనిపిస్తారు. లోకం కూలిపోయి ఏళ్లయింది. మంచులో ఒంటరి గుడిసె, అందులో మార్లన్, ఫ్లోరెన్స్ అనే ముసలి జంట. ఫ్లోరెన్స్‌గా వేసింది ఎలైన్ మైల్స్, 1990ల్లో ‘నార్తర్న్ ఎక్స్‌పోజర్’లో ఇద్దరూ కనిపించినవాళ్లే. హీరో తుపాకీ గురిపెట్టి దారి అడుగుతుంటే ఇద్దరికీ చీమ కుట్టినట్టయినా ఉండదు, తమలో తాము సాధించుకుంటూ ఉంటారు. పడమటికి వెళ్లాలంటే మంచి దారేదని హీరో అడుగుతాడు. గ్రీన్ ముఖంలో ఒక్క గీత కూడా కదలదు. తూర్పుకు వెళ్లు, అంటాడు.